ఇటు తిరిగి కూర్చున్న మొగుడు

మా అపార్ట్‌మెంట్‌లో కొరియన్ సీరియళ్ళు చూసే ఆడవాళ్ళం మొత్తం తొమ్మిదిమందిమి తేలాం. మా ఇళ్ళలో మగవాళ్ళందరిదీ ఒకటే ఫిర్యాదు. "అవి చూసి చూసి మమ్మల్ని వాళ్ళతో పోలుస్తున్నారు" అని. పోలుస్తున్న మాట నిజమే. కాకపోతే వాళ్ళనుకుంటున్న విషయంలో కాదు. వానలో గొడుగు పట్టుకుని పరుగెత్తుకొచ్చే ఆరడుగుల కుర్రాడి పక్కన మావారిని నిలబెట్టి చూసుకునే వయసు నాకెప్పుడో దాటిపోయింది. ఆ కుర్రాడు ఇంటికెళ్ళాక వాళ్ళమ్మ ముందు ఏం మాట్లాడతాడు అన్నదే ఇప్పుడు నాకు కావాల్సిన సంగతి.

కొరియన్ సీరియళ్ళలో రెండు రకాలున్నాయి. మొదటివి కుర్రకారు చూసేవి. కోటీశ్వరుడి కొడుకు, పేదింటి పిల్ల, చెయ్యి పట్టుకుని లాక్కెళ్ళడం, మంచు కురుస్తుంటే మొదటి ముద్దు. మా అమ్మాయి ఇంటర్‌లో ఉన్నప్పుడు దుప్పటి ముసుగేసుకుని ఇవే చూసేది. రెండోవి పెద్దవాళ్ళవి. పెద్దవాళ్ళవి అనగానే ఇంకేదో అనుకునేరు. కొరియా టీవీలో తెర మూల 12, 15, 19 అని వయసు అంకె వేస్తారు. నేను చెప్పేది ఆ 19 గురించి కాదు. పెళ్ళి అయిపోయినవాళ్ళు, పెళ్ళీడు దాటిపోయిందని ఇంట్లో తిట్లు తినేవాళ్ళు, అప్పులు, ముసలి తల్లిదండ్రులు, పీడించే పై ఆఫీసరు, ఇవన్నీ నెత్తిన పెట్టుకుని మోసేవాళ్ళు, వీళ్ళ మధ్య ప్రేమ ఎలా ఉంటుందో చూపించే సీరియళ్ళు. వీటిని రాసేవాళ్ళలో ఆడవాళ్ళు చాలామంది. చూస్తుంటేనే తెలిసిపోతుంది. గిన్నె అడుగున మిగిలిన కూర ఎవరి కంచంలోకి వెళ్ళిందో గమనించి రాయాలంటే ఆ గిన్నె కడిగిన చెయ్యి కావాలి.

లాక్‌డౌన్ రోజుల్లో మొదలుపెట్టాను. ఇన్నేళ్ళు చూశాక నాకు తెలిసొచ్చింది ఒక్కటే. ఈ కథల్లో "నిన్ను ప్రేమిస్తున్నాను" అన్న మాటకు పెద్ద విలువేమీ లేదు. నలుగురిలో, అందులోనూ తన సొంతవాళ్ళ ముందు, ఎవరి పక్కన నిలబడ్డారన్నదే లెక్క.

నేను ఒక్కదాన్నే చూడను. మధ్యాహ్నం భోజనాలయ్యాక మా అత్తయ్యగారు కూడా వచ్చి కూర్చుంటారు. ఆవిడకి డెబ్భై తొమ్మిదేళ్ళు. తెర మీద ఇంగ్లీషులో పడే మాటల్ని నేను తెలుగులో చెబుతుంటే వింటారు. ఇలా చెప్పడం మొదలుపెట్టాకే ఆ భాషలో ఎంత కథ ఉందో నాకు తెలిసింది. మొదటిరోజే పెద్ద చిక్కొచ్చింది. హీరోయిన్ హీరోని "ఒప్పా" అని పిలిచింది. అంటే ఆడపిల్ల అన్నయ్యని పిలిచే మాట అని చెప్పాను. అత్తయ్యగారు చెవులు మూసుకుని, "రామ రామ, అన్నయ్య అంటూ ఆ చూపులేమిటే?" అన్నారు. "మనవాళ్ళు బావ అని పిలవరటండీ, అలాంటిదే అనుకోండి" అన్నాక కాస్త శాంతించారు.

వాళ్ళకీ మనలాగే మర్యాద మాట వేరు, చనువు మాట వేరు. మన "వచ్చారా", "వచ్చావా" ఉన్నట్టే క్రియ చివర మారిపోతుంది. ఇద్దరు పెద్దవాళ్ళు ఎన్నాళ్ళో "మీరు" అనుకుని, ఒకరోజు "ఇక నువ్వు అని పిలవనా" అని అడగడం ఆ సీరియళ్ళలో ఒక పెద్ద ఘట్టం. ఇంగ్లీషు సబ్‌టైటిల్‌లో అది కనబడదు. అక్కడ రెండూ "యూ"నే. తెలుగులో చెబితే ఠక్కున అర్థమవుతుంది. ఇంకో మాట "యోబో". మొగుడూ పెళ్ళాలు ఒకరినొకరు పిలుచుకునేది. నేను అలవాటుగా "ఏవండీ" అని చెప్పేశాను. కాసేపయ్యాక మొగుడు కూడా పెళ్ళాన్ని "యోబో" అన్నాడు. "అదేంటి, వాడు కూడా అదే అంటాడా?" అని అత్తయ్యగారు నా మొహం చూశారు. మన "ఏవండీ" ఒక వైపే నడిచే బండి అని ఆ క్షణం దాకా నాకూ తట్టలేదు.

నేను చూసిన పెద్దవాళ్ళ సీరియళ్ళలో మొదటిది 2018లో వచ్చిన "సమ్‌థింగ్ ఇన్ ద రెయిన్". కొరియన్‌లో దాని పేరు ఇంకా బాగుంటుంది. "అన్నం బాగా కొనిపెట్టే అందమైన అక్క" అని. ఇక్కడ అక్క అంటే మగపిల్లాడు తనకంటే పెద్దదాన్ని పిలిచే మాట, "నూనా". సన్ యే-జిన్ వేసిన జిన్-ఆ ముప్ఫై అయిదు దగ్గరపడుతున్న ఉద్యోగస్తురాలు. ప్రాణస్నేహితురాలి తమ్ముడు జూన్-హీతో ప్రేమలో పడుతుంది. తల్లి లేక, తండ్రి వదిలేసి వెళ్ళిపోతే పెరిగిన పిల్లలు ఆ అక్కాతమ్ముళ్ళు. జిన్-ఆ తల్లి వాళ్ళని చిన్నప్పటి నుంచీ ఇంట్లో పిల్లల్లా చూసింది, అన్నం పెట్టింది. అల్లుడిగా మాత్రం పనికిరాడంది. ఈ మాట ఎక్కడో విన్నట్టు లేదూ? "మా ఇంట్లో పిల్లాడిలా తిరిగాడు, కానీ సంబంధం అంటే..." అనే కానీలు మన ఇళ్ళలో ఎన్ని లేవు?

ఆ సీరియల్లో నాకు నచ్చింది ప్రేమ కంటే ప్రేమ తర్వాత జిన్-ఆలో వచ్చిన మార్పు. ఆఫీసు పార్టీల్లో ఆడవాళ్ళు పై ఆఫీసర్ల పక్కన కూర్చుని మాంసం కాల్చాలి, గ్లాసులు నింపాలి, మీద చెయ్యి పడితే నవ్వాలి. ఆమె ఏళ్ళ తరబడి అన్నీ భరించింది. తనని ఒకడు ఇంత అపురూపంగా చూస్తున్నాడని తెలిశాక ఆ పార్టీల్లో నవ్వడం మానేసింది. 2018 మొదట్లోనే ఒక మహిళా ప్రాసిక్యూటర్ టీవీలో నోరు విప్పడంతో కొరియాలో మీటూ భగ్గుమంది. అదే ఏడాది వసంతంలో ఈ సీరియల్ వచ్చింది. అయితే ఆఫీసులో నిలబడ్డ జిన్-ఆ అమ్మ ముందు మాత్రం చాలాకాలం నిలబడలేకపోయింది. దాచడం, తడబడటం, వాయిదా వెయ్యడం. చివరి ఎపిసోడ్లలో ఆమెని చూసి విసుక్కున్నవాళ్ళు ఎక్కువ. నాకు విసుగు రాలేదు. బాస్‌ని ఎదిరించడం తేలిక. అన్నం పెట్టిన అమ్మని ఎదిరించడానికే గుండె చాలదు.

అదే ఏడాది వచ్చిన "మై మిస్టర్" సంగతి చెప్పాలి. పార్క్ హే-యంగ్ అనే రచయిత్రి రాసింది. లీ సన్-క్యున్ వేసిన డాంగ్-హూన్ నలభైల్లో ఉన్న ఇంజనీరు. భార్య లాయరు. ఆమెకి వేరొకడితో సంబంధం ఉంది. ఆ వేరొకడు డాంగ్-హూన్‌కి కాలేజీలో జూనియర్, ఇప్పుడు అదే కంపెనీలో అతని పై అధికారి. జి-ఆన్ అనే ఇరవై ఒక్కేళ్ళ పిల్ల డబ్బుకోసం డాంగ్-హూన్ ఫోన్‌లో మాటలన్నీ దొంగచాటుగా వింటుంటుంది. పనైపోయాక ఇంటికి ఫోన్ చేసి "ఏమైనా తేవాలా?" అని పెళ్ళాన్ని అడిగే మనిషి అతను. నేరం చేస్తూ వింటున్న ఆ పిల్లకి ఆ గొంతే నెమ్మదిగా ఆసరా అయిపోతుంది.

వయసు తేడా చూసి ఇదేం ప్రేమకథో అని మొదట చాలామంది ముఖం చిట్లించారు. కానీ అది ప్రేమకథ కాదు, ఇద్దరి మధ్య అలాంటిదేమీ జరగదు. ఆ పిల్లకి మాటలు రాని, చెవులు వినపడని నాయనమ్మ ఉంది. ఆవిణ్ణి ఎక్కడ చూసుకోవాలో తెలీక నలిగిపోతుంటుంది. డాంగ్-హూన్ చేసిన మేలు ఏమిటంటే, మనవరాలికి చట్టప్రకారం పోషించే బాధ్యత ఉండదనీ, ఫలానా చోట అర్జీ పెట్టుకుంటే ఆవిడకి వసతి దొరుకుతుందనీ చెప్పడం. అంతే. ఇన్నేళ్ళలో ఆ మాట చెప్పిన మనిషి ఆ పిల్లకి ఒక్కడూ లేడు. మీకు పెన్షన్ కాగితం ఎలా పెట్టుకోవాలో విసుక్కోకుండా చెప్పినవాడు ఎవరైనా గుర్తున్నారా? నాకున్నారు. ఆయన్ని నేను మరిచిపోలేదు.

ఇంత మంచివాడి పెళ్ళాం ఎందుకలా చేసింది? ఇక్కడే ఆ రచయిత్రి మనల్ని వదిలిపెట్టదు. డాంగ్-హూన్‌కి తల్లి, అన్న, తమ్ముడు ఉన్నారు. ప్రతి సాయంత్రం వాళ్ళే. ఆ వీధి, ఆ స్నేహితులు, ఆ తాగుడు. ఎంత మంచి మొగుడైనా అతను ఎప్పుడూ వాళ్ళవాడే, ఆమెవాడు కాలేదు. ఆమె చేసింది తప్పు కాదని సీరియల్ ఎక్కడా అనదు. కానీ ఆమె ఒంటరితనం అబద్ధమని కూడా అనదు. అది చూస్తున్నప్పుడు అత్తయ్యగారు, "మంచాడేనమ్మా, అందరికీ మంచాడే. అదే దాని ఖర్మ" అన్నారు. మా మావయ్యగారు కూడా ఊరందరికీ మంచివారే.

ఇక 2020లో వచ్చిన "ద వరల్డ్ ఆఫ్ ద మ్యారీడ్". బీబీసీ వాళ్ళ "డాక్టర్ ఫాస్టర్"ని కొరియన్‌లో తీశారు. చివరి ఎపిసోడ్‌కి 28.4 శాతం రేటింగ్ వచ్చింది, కేబుల్ సీరియళ్ళలో అప్పటికి అదే రికార్డు. కిమ్ హీ-ఏ వేసిన డాక్టరమ్మకి అన్నీ ఉన్నాయి. ఒక చలిరోజు మొగుడి మఫ్లర్‌కి అంటుకున్న పొడవాటి వెంట్రుక కనబడుతుంది. అక్కడినుంచి తీగ లాగితే డొంకంతా కదులుతుంది. ఆ కథలో అసలు దెబ్బ మొగుడి మోసం కాదు. కారు డిక్కీలో దొరికిన ఫోన్‌లో ఫోటోలు. మొగుడు, ఆ అమ్మాయి, వాళ్ళతోపాటు నవ్వుతూ తన స్నేహితులు. అందరికీ తెలుసు, తనకి తప్ప. అందరూ అటువైపే ఉన్నారు.

దొరికిపోయాక ఆ మొగుడు ప్రేమలో పడటం నేరమా అని అరుస్తాడు. కొరియాలో ఆ మాట జోకులు వేసుకునేంత ప్రసిద్ధి అయింది. అందులో ఒక చేదు నిజం ఉంది. 1953 నుంచీ అక్కడ అది నిజంగానే నేరం, రెండేళ్ళ దాకా జైలు. 2015 ఫిబ్రవరిలో వాళ్ళ రాజ్యాంగ న్యాయస్థానం ఆ చట్టాన్ని కొట్టేసింది. మన దగ్గర 497 సెక్షన్‌ని సుప్రీంకోర్టు 2018 సెప్టెంబర్‌లో కొట్టేసింది. మన చట్టమైతే ఇంకా విచిత్రం. మోసపోయిన మొగుడు అవతలి మగాడి మీద కేసు పెట్టొచ్చు, మోసపోయిన భార్య ఎవరిమీదా పెట్టడానికి లేదు. జైలు పోయింది, మంచిదే. కానీ భార్య పక్కన ఎవరు నిలబడతారన్న ప్రశ్న అలాగే మిగిలింది. ఆ సీరియల్ చివరికి తల్లీతండ్రీ ఇద్దరి పోరు చూసి విసిగిన కొడుకు ఇల్లు వదిలి వెళ్ళిపోతాడు. తన పక్కన ఎవరూ లేరని తేల్చుకున్నది వాడే.

ఆ మొగుడి వేషం వేసిన నటుడి పేరు పార్క్ హే-జూన్. ఆ ముఖం కనబడితే చాలు, అత్తయ్యగారు "వీడు చచ్చినా బాగుపడడు" అనేవారు. "మై మిస్టర్"లో కూడా అతనున్నాడు. ప్రేమించిన అమ్మాయిని వదిలేసి కొండమీద గుడిలో సన్యాసిగా చేరిపోయినవాడు. ఆ అమ్మాయి ఊళ్ళో చిన్న బార్ నడుపుకుంటూ ఏళ్ళ తరబడి అతన్నే తలుచుకుని ఏడుస్తుంటుంది. ఒకడు పెళ్ళాన్ని మోసం చేసినవాడు, ఒకడు దేవుడి పేరు చెప్పి తప్పించుకున్నవాడు. అందుకని 2025 మార్చిలో "వెన్ లైఫ్ గివ్స్ యు టాంజరీన్స్" వచ్చి, అందులో పెద్దవయసు హీరోగా అదే మనిషి కనబడగానే మేమిద్దరం గతుక్కుమన్నాం.

ఇది జేజు ద్వీపం కథ. అసలు పేరు జేజు యాసలో "పొక్‌సక్ సొగస్సుదా", అంటే "ఎంతో కష్టపడ్డావు" అని. మన ఊళ్ళలో పెద్దవాళ్ళు కోడలి తల నిమిరి అనాల్సిన మాట, సాధారణంగా అనని మాట. ఏ-సున్ 1951లో పుట్టింది. తల్లి హేన్యో, అంటే ఊపిరి బిగబట్టి సముద్రం అడుక్కి దిగి నత్తలు, ఆల్చిప్పలు ఏరుకొచ్చే ఆడమనిషి. ఆ హేన్యోల సంస్కృతిని 2016లో యునెస్కో వారసత్వ జాబితాలో చేర్చింది గానీ, కథలో ఆ తల్లి ఇరవై తొమ్మిదేళ్ళకే చనిపోతుంది. కూతురు మాత్రం తనలా నీళ్ళలో దిగకూడదన్నదే ఆమె కోరిక. ఏ-సున్‌కి కవిత్వం పిచ్చి. ఆమెంటే చిన్నప్పటినుంచీ ప్రాణం పెట్టే గ్వాన్-సిక్ నోట్లో మాట లేనివాడు. వయసులో ఉన్నప్పుడు ఐయూ, పార్క్ బో-గమ్ వేశారు. పెద్దయ్యాక మూన్ సో-రీ, మన పార్క్ హే-జూన్.

పెళ్ళయి అత్తారింట్లో ఉన్న రోజులు. భోజనాల వేళ. మగవాళ్ళకొక బల్ల, ఆడవాళ్ళకి పక్కన ఇంకో బల్ల. గ్వాన్-సిక్ మగవాళ్ళ బల్ల దగ్గర, ఏ-సున్, చిన్నకూతురు రెండో బల్ల దగ్గర. అత్తగారు, ఆమె అత్తగారు ఏదో ఒకటి సాధిస్తుంటారు. గ్వాన్-సిక్ ఒక్క మాటా అనడు. కూర్చున్నచోటే ఒంటిని ఇటు తిప్పుతాడు. అటువాళ్ళకి వీపు పెట్టి, పెళ్ళాం, కూతురు ఉన్న బల్ల వైపు తిరిగి అన్నం తింటాడు. అంతే.

అత్తయ్యగారు "ఆపు" అన్నారు. ఆపాను. చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత నెమ్మదిగా చెప్పుకొచ్చారు. పద్నాలుగేళ్ళ వయసులో కాపురానికొచ్చి, పదకొండుమందికి వండి, మగవాళ్ళ రెండు బంతులూ అయ్యాక, పిల్లలు తిన్నాక, అడుగున మిగిలిన పులుసులో మజ్జిగ పోసుకుని వంటింటి గడప దగ్గర తిన్న సంగతి. మాకు తెలియనిది కాదు, చాలాసార్లు విన్నదే. కానీ చివర ఒక కొత్త మాట అన్నారు. "మీ మావయ్యగారు నన్నొక్క మాట అన్లేదే ఎప్పుడూ. నా గురించి కూడా ఎవర్నీ ఒక్క మాట అన్లేదు. చెంబు అందుకోవడానికైనా ఇటు తిరిగి చూస్తే తెలిసేది."

నేను రిమోట్ పట్టుకుని అలాగే కూర్చున్నాను. ఆవిడ నాకు కూడా అత్తగారే. నేను కొత్తగా వచ్చినప్పుడు ఆవిడా రెండు బంతులు నడిపినవారే. ఆ మాట నేననలేదు. ఆవిడే అన్నారు, "నిన్ను కూడా అలాగే చేశాను కదూ" అని. "పోనీలెండి, చూద్దాం" అని మళ్ళీ ఆన్ చేశాను. అప్పుడంతకంటే ఏం చెప్పాలో నాకు తోచలేదు.

ఆ కథ కొరియాలో నడిచిన కాలం మన అత్తయ్యగార్ల కాలమే. అక్కడ ఇంటికి పెద్ద మగవాడే అని రాసుకునే కుటుంబ రిజిస్టరు ఉండేది. పెళ్ళయితే ఆడదాని పేరు తండ్రి కాగితంలోంచి మొగుడి కాగితంలోకి మారేది. 2005లో కోర్టు తప్పుపడితే, 2008 జనవరి నుంచి ఆ పద్ధతి పోయింది. కాగితం మారినంత త్వరగా వంటిల్లు మారదు కదా. 2017లో వచ్చిన "బికాజ్ దిస్ ఈజ్ మై ఫస్ట్ లైఫ్"లో దీనిమీద భలే ఎపిసోడ్ ఉంది. అవసరానికి ఒప్పందం రాసుకుని పెళ్ళి చేసుకున్న జంట వాళ్ళు. మన తద్దినం లాంటి పూజకి అత్తారింటికి వెళ్ళిన ఆ అమ్మాయి రోజంతా వంటింట్లో నడుం విరిగేలా చాకిరీ చేస్తుంది. ఎవరూ బలవంతం చెయ్యరు. అందరూ నవ్వుతూనే ఉంటారు, చాకిరీ మాత్రం ఆమెదే. ఆ మొగుడు మనసులో మాట చెప్పడం రానివాడు, అన్నీ లెక్కలే. ఇదేదో ఒప్పందంలో లేదే అనుకుని, తనొక్కడే ఆమె పుట్టింటికి వెళ్ళి చలికాలపు కిమ్చీ పెట్టడంలో కూర్చుంటాడు. కిమ్చీ కాలమంటే మన ఆవకాయ కాలమే, చలికాలానికి సరిపడా పెట్టుకుంటారు. మా అల్లుళ్ళలో ఎవరైనా అత్తారింటికెళ్ళి మామిడికాయలు కొట్టాడా అని మా తొమ్మిదిమందిలో లెక్క తీశాం. లెక్క చెప్పను, పరువు పోతుంది.

ఇంత మెచ్చుకుంటున్నాను గానీ కళ్ళు మూసుకుని చూడటం లేదు. గ్వాన్-సిక్ లాంటి మొగుడు కొరియాలో వీధికొకడు ఉంటే, అక్కడి ఆడపిల్లలు పెళ్ళంటేనే ఎందుకు వెనకాడతారు? 2023లో అక్కడ ఒక స్త్రీకి సగటున పుట్టే పిల్లల లెక్క 0.72కి పడిపోయింది. ఉద్యోగం, పిల్లలు, అత్తారిల్లు మూడూ ఒక్కతే మొయ్యలేనని వాళ్ళు చెప్పకనే చెబుతున్నారు. ఉన్నదాన్ని ఎవరూ కథగా అంత ఇష్టంగా చెప్పుకోరు. లేనిదాన్నే చెప్పుకుంటారు. అదీగాక, అంత మంచి మొగుడు దొరికినా ఏ-సున్ చదువు చదువుగా మిగలలేదు. కవిత్వం జుట్టు నెరిశాకే పుస్తకమైంది. మంచి మొగుడు కష్టాన్ని పంచుకోగలడు, పోయిన ఏళ్ళని తెచ్చివ్వలేడు. ఆ సీరియల్ ఈ సంగతి దాచకుండా చూపించింది, అందుకే నాకు దానిమీద గౌరవం.

ఇదంతా ఇప్పుడెందుకు రాస్తున్నానంటే, మాఘమాసంలో మా అమ్మాయి పెళ్ళి. అబ్బాయి మంచివాడిలాగే ఉన్నాడు. ఉద్యోగం, జాతకం, ఇల్లు, అన్నీ పెద్దవాళ్ళు చూశారు. నేను మాత్రం వాళ్ళింటికి వెళ్ళినప్పుడు ఒకటే చూశాను. వాళ్ళమ్మ కాఫీ ట్రే పట్టుకొస్తుంటే అతను లేచి అందుకున్నాడు. ఆవిడ ఆశ్చర్యపోలేదు. అంటే మా కోసం వేసిన వేషం కాదు, అలవాటే. అమ్మ చేతిలో ట్రే అందుకున్నవాడు రేపు అమ్మ ముందు పెళ్ళాం చేతిలో ట్రే అందుకుంటాడా? అది చెప్పలేను. దానికి ఏ జాతకమూ లేదు.

ఇదే సమయంలో మా దూరపు బంధువులమ్మాయి పెళ్ళయిన ఏడు నెలలకి పుట్టింటికి తిరిగొచ్చింది. కొట్టడం తిట్టడం లేదట, మనిషిగా చూడరట, అంతే. పెద్దవాళ్ళంతా కూర్చుని సర్దుకుపొమ్మని చెప్పి మళ్ళీ దింపి వచ్చారు. దింపినవాళ్ళలో ఆ పిల్ల తండ్రి కూడా ఉన్నాడు. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. గ్వాన్-సిక్ కూతురికి బడికి పంపినప్పుడూ, పెళ్ళిపీటల దగ్గరికి తీసుకెళ్ళేటప్పుడూ ఒకటే మాట చెబుతాడు. బాగోలేదనిపిస్తే వెనక్కి తిరిగి పరుగెత్తుకొచ్చెయ్, నాన్న ఇక్కడే ఉంటాడు అని. మన అప్పగింతల్లో కూతురి చెయ్యి పాలలో ముంచి అవతలివాళ్ళకి అప్పజెబుతాం. "తెచ్చేసుకుంటాం" అనే మాట ఏ మంత్రంలోనూ వినబడదు. ఆ మాట తండ్రి సొంతంగా అనాల్సిందే.

భోజనాల దగ్గర మావారితో అన్నాను, మీరు అమ్మాయికి ఆ మాట చెప్పాలని. ఆయన ఇడ్లీ తింటూ, "శుభమా అని పెళ్ళి పెట్టుకుని తిరిగి రమ్మని చెబుతామా?" అన్నారు. నేను జవాబు వెతుక్కుంటున్నాను. ఇంతలో అత్తయ్యగారు కంచం పక్కకి జరిపి కొడుకుతో, "చెప్పకపోతే మానెయ్. ఈ ఇంటి తాళంచెవి ఇంకోటి చేయించి దాని చేతిలో పెట్టు. ఎందుకని అడిగితే నాయనమ్మ ఇవ్వమందని చెప్పు" అన్నారు. కొడుకు మాటకి ఎదురుచెప్పగా నేనింతవరకూ చూడలేదు ఆవిణ్ణి. మావారు కాసేపు ఇడ్లీకేసి చూసి, "సరే" అన్నారు. ఆదివారం వెళ్ళి చేయించుకొచ్చారు. సామాన్ల జాబితాలో కుంకుమభరిణె కింద రాసుకున్నాను, మరిచిపోకుండా.

మీరు కొత్తగా మొదలుపెట్టేటట్టయితే "టాంజరీన్స్"తోనే మొదలుపెట్టండి. పదహారు ఎపిసోడ్లు. రుమాలు దగ్గర పెట్టుకోండి. "మై మిస్టర్" మొదటి రెండు ఎపిసోడ్లు చీకటిగా, నెమ్మదిగా ఉంటాయి, ఓపిక పట్టండి. "ద వరల్డ్ ఆఫ్ ద మ్యారీడ్" మాత్రం పిల్లలు ఇంట్లో లేనప్పుడు చూడండి, రాత్రిపూట వద్దు. వీలైతే ఇంట్లో పెద్దావిణ్ణి పక్కన కూర్చోబెట్టుకుని తెలుగులో చెబుతూ చూడండి. మేము ఇప్పుడు "వన్ స్ప్రింగ్ నైట్" చూస్తున్నాం. అందులో పెద్దకూతురు దెబ్బలు తింటోందని తెలిసిన తల్లి ఏం చేస్తుందో నాకు ముందే తెలుసు, కానీ అత్తయ్యగారికి చెప్పలేదు. రేపు మధ్యాహ్నం ఆ ఎపిసోడ్.